30 సెకన్ల నిశ్శబ్దం

మా మేనల్లుడు పాత ఇళ్ల మీద డాక్యుమెంటరీ తీస్తున్నాడు. లైట్లు మోయడానికి నన్ను తీసుకెళ్లాడు. విశాఖ వన్ టౌన్‌లో, కురుపాం మార్కెట్‌కి కాస్త ఇవతల, మండువా ఇల్లు. మూరెడు మందం సున్నం గోడలు, బర్మా టేకు దూలాలు, పైన గూన పెంకులు. షూటింగంతా సాఫీగానే అయింది. రికార్డర్ బ్యాటరీ అయిపోతే చార్జర్ వైరు హాల్లో ప్లగ్గుకి పెట్టింది కూడా నేనే. ఆ మాత్రం తెలివి నాకుంది.

చివర్లో వాడన్నాడు, "మావయ్యా, రూమ్ టోన్ తీసుకోవాలి. 30 సెకన్లు ఎవరూ కదలకూడదు." ఏ గది నిశ్శబ్దం ఆ గదిదేనట. కాంక్రీటు గదిలో మోగినట్టు పెంకుటింట్లో మోగదు. మాటలు కత్తిరించిన చోటల్లా ఆ నిశ్శబ్దం పరిస్తే అతుకు తెలియదు.

వన్ టౌన్‌లో, నిశ్శబ్దం! మొదటిసారి ఓడ కూత. పోర్టు తెరిచింది 1933లో, ఈ ఇల్లు దానికన్నా వయసులో పెద్దదని తాతగారు చెప్పారు. కాబట్టి కసురుకునే హక్కు ఇంటికుంది, మాకు లేదు. రెండోసారి "పాత ఇనప సామాన్లు కొంటాం" అని మైకు. మూడోసారి కుక్కర్. ఒక్క విజిలైతే ఓర్చుకుందుం, పప్పుకి నాలుగట. నాలుగోసారి తాతగారి దగ్గు. ఐదోసారి హెడ్‌ఫోన్లలో మా వాడి మొహం మాడింది.

"ఫ్రిజ్ గుర్రుమంటోంది."

"ఆపేస్తే దోసెల పిండి పులిసిపోద్ది బాబూ" అన్నారు పెద్దమ్మగారు.

మళ్లీ వేయడం మర్చిపోకుండా వాడు బండి తాళాలు ఫ్రిజ్‌లో పెట్టాడు. సౌండు వాళ్లకి ఇది అలవాటేనట. రికార్డింగ్ నొక్కి నాకు సైగ చేశాడు. ఫ్రిజ్ వెనక స్విచ్చి నా చేతికి అందలేదు. ఎందుకొచ్చిన గొడవని మెయిన్ దించేశాను.

ఆహా! పెంకుల మీద కాకి నడిస్తే వినపడింది. పెద్దమ్మగారు గరిటె గాల్లో ఆపేశారు. తాతగారు తువ్వాలు నోట్లో కుక్కుకుని, కళ్లు ఎర్రబడి, నా వేళ్ల మీద లెక్క చూస్తున్నారు. హెడ్‌ఫోన్లలో చీమ చిటుక్కుమనకపోయేసరికి మా వాడు సుఖంగా కళ్లు మూసుకున్నాడు. 30 అయింది. ఎందుకైనా మంచిదని 40 దాకా పోనిచ్చాను.

వాడు కళ్లు తెరిచాడు. రికార్డర్ ఎర్ర లైటు లేదు. వాడి చూపు వైరు వెంబడి ప్లగ్గు దాకా వెళ్లి, అక్కణ్ణుంచి నా దాకా వచ్చింది.

"ఇహ దగ్గొచ్చా బాబూ?" అన్నారు తాతగారు, తువ్వాలు తీసి.