సవరణ: బరంపురం మేయర్ అధికారాల గురించి

2022లో ఒడిశాలోని మన బరంపురం మేయర్‌ను ఓటర్లే నేరుగా ఎన్నుకున్నారని పోయిన పోస్టులో రాశాను. దాంతో ఊరంతా ఇక మేయర్ చెప్పినట్టే నడుస్తుందని కొందరు అనుకున్నారు. అంత లేదు. రోజువారీ పరిపాలన రాష్ట్రం నియమించే కమిషనర్ చేతిలో ఉంటుంది. ఊరు ఎలా పెరగాలో చెప్పే మాస్టర్ ప్లాన్ తయారీ డెవలప్‌మెంట్ అథారిటీ పని. పట్టణ పాలక సంస్థల గురించిన 74వ రాజ్యాంగ సవరణ 18 పనుల జాబితా ఇచ్చింది గానీ, వాటిలో ఎన్ని ఆ సంస్థలకు అప్పగించాలో రాష్ట్రాలకే వదిలేసింది.

ఇంకో మాట. 2025లో ముగిసిన కేంద్రం స్మార్ట్ సిటీ పథకంలో ఒడిశా నుంచి ఎంపికైనవి భువనేశ్వర్, రూర్కెలా; మన ఊరు లేదు. అక్కడ ఆ పనులు కంపెనీల చట్టం కింద పెట్టిన ప్రత్యేక సంస్థలకు అప్పగించారు. పెట్టుబడుల కోసం నగరాలు పోటీపడే ఈ రోజుల్లో పని త్వరగా అవుతుందనే వాదన బాగానే చెల్లుతుంది. నాకు టెన్షన్ అక్కడే. కార్పొరేటర్‌నైతే వీధిలో ఆపి అడగొచ్చు, కంపెనీ డైరెక్టర్లను ఎక్కడ పట్టుకుంటాం?