ఆ జాబితాలో రావిశాస్త్రి ఏరీ?

నేరం, న్యాయం మీద వచ్చిన పుస్తకాల జాబితా ఒకటి చూశాను. అందులో ఇన్ని పేర్లు చెప్పి, కథారచయిత రావిశాస్త్రి (రాచకొండ విశ్వనాథశాస్త్రి) కథల పుస్తకం ‘ఆరు సారా కథలు’ వదిలేయడం నాకు మింగుడుపడలేదు. ఆయన విశాఖపట్నంలో ప్లీడరు. మద్యనిషేధం రోజుల్లో సారా కేసులు ఎలా పుట్టేవో, ఎవరి జేబులు నిండేవో కోర్టు ఆవరణలో నిలబడి చూసిన మనిషి. ‘మాయ’ కథలో సారా కేసులో పట్టుబడిన ఆడమనిషి కొత్త ప్లీడరుకు పోలీసులు, కోర్టులు, డబ్బు కలిసి ఆడే ఆటను విడమరిచి చెబుతుంటే, అంత చదువుకున్నవాడికీ నోట మాట రాదు. న్యాయశాస్త్రాన్ని తలకిందులు చేసి పాఠం చెప్పినట్టే ఉంటుంది. ఉత్తరాంధ్ర మాండలికం మొదట్లో నన్ను కాస్త తిప్పలుపెట్టిన మాట నిజమే. రెండు పేజీలు పైకి చదివాక పాత్రల గొంతులు వినిపించాయి.