లడ్డూకి షుగర్

మా ఇంట్లో ఒక గుంటగరిటె ఉండేది. అమ్మ పెళ్లప్పుడు పుట్టింటివాళ్లు పెట్టిన స్టీలు సామానులో చివరికి మిగిలింది అదొక్కటే. మూరెడు కాడ, లోతైన గుంట, సాంబారు పోయడానికి దాన్ని మించింది లేదని అమ్మ నమ్మకం. ప్రస్తుతం అది బాల్కనీలో వాషింగ్ మెషీన్ వెనకాల కవర్లో చుట్టి ఉంది. దాన్ని మళ్లీ వంటింట్లోకి తెస్తే తమ్ముడింటికి వెళ్లిపోతానని అమ్మ చెప్పి ఇవాళ్టికి పదకొండు రోజులు. తప్పంతా నాదే అంటున్నారు. నాది కొంత, ఒప్పుకుంటాను. మిగతాది కుక్కది, నాన్నది, రెండు ప్లాస్టిక్ డబ్బాల మూతలది.

కుక్క పేరు లడ్డూ. పద్నాలుగు నెలల మగకుక్క. జాతేమిటని ఎవరైనా అడిగితే మా అమ్మాయి "ఇండీ" అంటుంది, నాన్న "వీధికుక్క" అంటారు, రెండూ ఒకటే. మా ఆవిడకి నిజానికి పగ్ కావాలని కోరిక. 2003లో హచ్ ఫోన్ల ప్రకటన చూసినప్పటి నుంచీ ఉన్న కోరిక, ఇప్పటికీ దాన్ని "హచ్ కుక్క" అనే అంటుంది, ఆ కంపెనీ పేరు మారి ఎన్నేళ్లయిందో ఆవిడకి అనవసరం. ఆ చప్పిడి ముక్కు కుక్కలకి మన ఎండల్లో ఊపిరాడదని ఎవరో చెప్పారు. చెప్పిన వారంలోనే సెల్లార్లో మా కారు కింద ఇది దొరికింది. "ఫ్రీయే కదా" అన్నాను నేను, పైకే అన్నాను, సాక్షులున్నారు.

ఆ ఫ్రీ కుక్కకి నైన్ ఇన్ వన్ ఇంజెక్షన్లు, రేబిస్ ఇంజెక్షను, నులిపురుగుల మందు, పిడుదులకి మెడపట్టీ, మున్సిపాలిటీ లైసెన్సు, అది ఎన్నడూ పడుకోని పరుపు (గుమ్మం దగ్గర గోనెపట్టా మీద పడుకుంటుంది), అన్నీ అయ్యాక ఒకరోజు కూర్చుని లెక్కేశాను, సగంలో ఆపేశాను. తిండి ప్యాకెట్ బిల్లు చూస్తే 18 శాతం జీఎస్టీ. మేం తినే బియ్యం కిరాణా కొట్లో విడిగా తూయించుకుంటే పన్నే లేదు. మా ఊళ్లో తాతయ్యగారి కుక్క పదమూడేళ్లు బతికింది, మిగిలిన పెరుగన్నం తిని, కనీసం ఒక పేరు కూడా లేకుండా. "ఛీ" అంటే పోయేది, "చ్చొచ్చో" అంటే వచ్చేది.

సరే, అసలు సంగతి. లడ్డూ సోఫా మీద రెండుసార్లు పోసింది. బయటికి తీసుకెళ్తే ప్రతి స్తంభానికీ రెండేసి చుక్కలు, అది మగకుక్క బుద్ధి అనుకున్నాం కానీ సోఫా స్తంభం కాదు కదా. క్లినిక్‌కి తీసుకెళ్లాను. అక్కడ వరసగా ఒక గోల్డెన్ రిట్రీవర్, తలకి గులాబి క్లిప్పు పెట్టుకున్న షిట్జూ, బుట్టలో ముఖం ముడుచుకున్న పర్షియన్ పిల్లి, మధ్యలో మేమిద్దరం. కౌంటరు అమ్మాయి తలెత్తి "లడ్డూ డాడీ ఎవరండీ?" అని గట్టిగా పిలిచింది. నలభై ఆరేళ్ల మనిషిని, ఆఫీసులో పన్నెండు మంది నన్ను సార్ అంటారు, అక్కడ లేచి చెయ్యెత్తాను.

డాక్టరుగారు రాజేంద్రనగర్ వెటర్నరీ కాలేజీలో చదివినాయన, మాట పొదుపు. పొట్ట నొక్కి చూసి, "ఇన్ఫెక్షన్ అయ్యుండొచ్చు, రేపు పొద్దున మొదటి యూరిన్ పట్టుకురండి" అన్నారు.

"ఎలా పట్టాలండీ?"

"పొడుగు కాడ గరిటె ఏదైనా ఉంటే తేలిక" అన్నారు. చూశారా, గరిటె ఐడియా నాది కాదు.

ఇక్కడ నాన్న గురించి చెప్పాలి. నాన్నకి పన్నెండేళ్లుగా షుగర్. మూణ్ణెల్లకోసారి ల్యాబు కుర్రాడు పొద్దున్నే ఇంటికొచ్చి రక్తం తీసుకుంటాడు, యూరిన్ డబ్బా పట్టుకెళ్తాడు. ఈసారి అదీ ఆ మర్నాడే పడింది. నేను పద్ధతిగల మనిషిని కాబట్టి రాత్రే మెడికల్ షాపులో ఒకే రకం డబ్బాలు రెండు కొన్నాను, స్కెచ్ పెన్నుతో ఒకదాని మూత మీద "నాన్న", ఇంకోదాని మూత మీద "లడ్డూ" అని రాసి, పొద్దున కంగారు లేకుండా మూతలు రెండూ ముందే తీసి డైనింగ్ టేబుల్ మీద బోర్లించి పెట్టుకుని హాయిగా నిద్రపోయాను.

ఆరింటికి కిందికి దిగాం. ఎడమచేత్తో గొలుసు, కుడిచేత్తో గరిటె, జేబులో డబ్బా. లడ్డూ మొదటి స్తంభం దగ్గర వాసన చూసి, చుట్టూ తిరిగి, కాలెత్తింది. నేను మెల్లగా వంగి గరిటె ముందుకి చాపాను. అది గరిటెని చూసింది. కాలు దించింది. బుద్ధిగా కూర్చుని తోక ఊపడం మొదలెట్టింది. ఎందుకంటే రోజూ మధ్యాహ్నం దానికి పెరుగన్నం పళ్లెంలో పడేది అమ్మ చేతిలో అదే గరిటెలోంచి! నేను గరిటె వెనక్కి దాస్తే అది లేచి నడుస్తుంది, కాలెత్తుతుంది, గరిటె తీస్తే కూర్చుంటుంది. ఇలా నాలుగు స్తంభాలు, ఒక స్కూటీ, ఒక కరివేపాకు చెట్టు. మూడో బ్లాకు రావుగారు వాకింగ్‌లో ఎదురై, ఆగి, గరిటెనీ నన్నూ మార్చి మార్చి చూసి, "ఎక్కడైనా వంటలున్నాయా?" అన్నారు. చివరికి వాచ్‌మన్ భార్య దాని ముందుకెళ్లి బిస్కెట్టు చూపిస్తే, ఆ ఆశలో అది గరిటె సంగతి మరిచిపోయి కాలెత్తింది, నేను వెనకనుంచి సరిగ్గా పట్టాను. చెప్పుకోకూడదు గానీ ఆ క్షణంలో నాకు స్లిప్స్‌లో క్యాచ్ పట్టినంత గర్వంగా అనిపించింది.

పైకొచ్చేసరికి ల్యాబు కుర్రాడు హాల్లో ఉన్నాడు, నాన్న తన డబ్బా టేబుల్ మీద పెట్టి చెయ్యి చాపి కూర్చున్నారు, అమ్మ నా చేతిలో గరిటెని గుర్తుపట్టి అరవడం మొదలెట్టింది, లడ్డూ ఆ కుర్రాడి చెప్పు పట్టుకుపోయింది. ఆ గొడవలో నా డబ్బా కూడా టేబుల్ మీద పెట్టి, మూతలు రెండూ గబగబా బిగించి, "నాన్న" అని రాసింది వాడి చేతికిచ్చాను, "లడ్డూ" అని రాసింది క్లినిక్‌లో ఇచ్చి ఆఫీసుకెళ్లాను. ఈపాటికి మీకు అర్థమయ్యే ఉంటుంది. మాకు కావడానికి సాయంత్రం ఏడయింది.

పన్నెండున్నరకి క్లినిక్ నుంచి ఫోను. "లడ్డూ డాడీయేనాండీ? లడ్డూకి యూరిన్‌లో షుగర్ త్రీ ప్లస్ ఉంది, సాయంత్రం ఒకసారి తీసుకురండి."

ఇంటికి చెప్పాను. మా ఆవిడ నెట్‌లో చూసి గంటలో సగం డాక్టరైపోయింది. కుక్కలకి షుగరొస్తే మనలా మాత్రలతో సరిపోదట, పొద్దునా సాయంత్రం ఇన్సులిన్ ఇంజెక్షన్లట. వెంటనే షుగర్ కుక్కల తిండి ఆర్డర్ పెట్టేసింది, రెండు కిలోల బస్తా, ధర నేను ఇక్కడ రాయను, మా నాన్న చదివే ప్రమాదం ఉంది. ఆ తర్వాత నేరం ఎవరిదన్న విచారణ మొదలైంది. రోజూ టీ తాగుతూ లడ్డూకి బిస్కెట్లు పెట్టేది ఇంట్లో ఒక్కరే. మా ఆవిడ మామగారిని ఏమీ అనదు, ఫ్రిజ్‌తో అంటుంది. "నోరులేని జీవం, ఏం పెట్టినా తింటుంది, పెట్టేవాళ్లకుండాలి" అందట ఫ్రిజ్‌తో.

నాన్న మాత్రం, "దానికి ఆ పేరు పెట్టినప్పుడే చెప్పాను, కాకరకాయ అని పెట్టి ఉంటే ఏ రోగమూ వచ్చేది కాదు" అన్నారట.

రెండింటికి నాన్న ఫోనుకి ల్యాబు నుంచి యూరిన్ రిపోర్టు వచ్చింది. గ్లూకోజ్: నిల్.

పన్నెండేళ్లలో ఆ మాట ఆయన చూడలేదు. కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశారట. మా బాబాయికి, రిటైరైన స్నేహితుల గ్రూపుకి, కింద ఇస్త్రీ అతనికి కూడా పంపించారు. పొద్దున్నే తాగే మెంతుల నీళ్ల మహిమ అని అమ్మతో అన్నారట, అమ్మ పోరు పడలేక తాగినవే అవి, కానీ అప్పుడా సంగతి గుర్తు రాలేదు. అమ్మ రిపోర్టు మిగతా లైన్లు కూడా చదివింది. పస్ సెల్స్ బోలెడు, ట్రిపుల్ ఫాస్ఫేట్ క్రిస్టల్స్ అట. "ఇదేమిటండీ, ఎప్పుడూ లేనిది?" అంటే, "షుగర్ పోయేటప్పుడు అలాగే వస్తాయి" అన్నారట నాన్న. ఆయన పని చేసింది రెవెన్యూలో.

నేను ఐదున్నరకి ఇంటికొచ్చేసరికి కనిపించిన దృశ్యం ఇది. నాన్న వాలుకుర్చీలో కూర్చుని, కాకినాడ పెద్దమ్మ పంపిన తాపేశ్వరం కాజా డబ్బా ఒళ్లో పెట్టుకుని, రెండోది తింటున్నారు. కొరికితే పాకం గడ్డం మీదికి కారుతోంది, వేలితో తుడిచి ఆ వేలు కూడా వదలడం లేదు. కింద లడ్డూ. దాని ముందు పళ్లెంలో ఉడకేసిన సొరకాయ ముక్కలు, ముట్టుకోలేదు. అది పళ్లెం వంక చూస్తుంది, కాజా వంక చూస్తుంది, తర్వాత నా వంక చూస్తుంది. "దానికి పెట్టకండి" అంది మా ఆవిడ లోపల్నుంచి, ఈసారి సూటిగానే. "నేనెందుకు పెడతాను, దానికి షుగర్ కదా" అన్నారు నాన్న, జాలిగా దాని తల నిమురుతూ.

సాయంత్రం డాక్టరుగారు మొదట్నుంచీ అనుమానంగానే ఉన్నారు. ఈ వయసు కుక్కకి షుగర్ రావడం అరుదట, సాధారణంగా నడివయసు దాటాక వస్తుందట. చెవి చివర సూదితో గుచ్చి ఒక చుక్క మెషీన్‌లో పెట్టారు. 94. నిక్షేపంగా ఉంది. "రక్తంలో షుగర్ 180 దాటితే గానీ యూరిన్‌లోకి దిగదు. ఇక్కడ 94, అక్కడ త్రీ ప్లస్. ఎలా?" అని తనలో తనే అనుకుని, నన్నడిగారు.

"ఇంట్లో ఎవరైనా షుగర్ మందులు వాడతారా? మాత్రలేమైనా తినేసిందా ఇది?"

"నాన్నగారు వాడతారండీ. కానీ డబ్బా పైన అరలో ఉంటుంది."

"ఏ మాత్రలు?"

"మెట్‌ఫార్మిన్, ఇంకోటి డాపా ఏదో..."

"డాపాగ్లిఫ్లోజిన్. ఆ మాత్ర పనే అది, ఎక్కువైన షుగర్‌ని యూరిన్‌లోకి తోసేస్తుంది." ఆయన పెన్ను కింద పెట్టారు. "ఇవాళ మీ ఇంట్లో యూరిన్ పట్టింది ఒక్కళ్లదేనా?"

నేను మాట్లాడలేదు. లడ్డూ కూడా.

"పేరెక్కడ రాశారు?"

"మూత మీదండీ."

"మూత మీద ఎవరైనా రాస్తారా? డబ్బా మీద రాయాలి. కాలేజీలో మొదటి వారంలో చెప్పే పాఠం ఇది" అన్నారు. తర్వాత కుర్చీ అటు తిప్పుకుని కాసేపు కంప్యూటరు వైపు చూశారు, భుజాలు కదులుతున్నాయి. తేరుకున్నాక, నాన్న పేరు మీద వచ్చిన రిపోర్టు నా ఫోనులోనే చదివి, "పస్ సెల్స్, ట్రిపుల్ ఫాస్ఫేట్... ఇది మనవాడిదే, ఇన్ఫెక్షనే" అని యాంటీబయాటిక్ రాశారు. ఫీజు తీసుకోనన్నారు. ఎందుకని అడిగితే, ఈ సంగతి కాన్ఫరెన్స్‌లో చెప్పుకుంటాను, పర్మిషన్ ఇస్తే చాలన్నారు.

ఇంటికి వెళ్లేసరికి నాన్న రక్తం రిపోర్టు కూడా వచ్చింది. మూడు నెలల సగటు 8.4. కాజా డబ్బా అమ్మ చేతిలో ఉంది, మూత పెట్టి. నాన్న ఎవరితోనూ మాట్లాడలేదు. లడ్డూ మాత్రం ఆయన కాళ్ల దగ్గర పడుకుని గుర్రు పెడుతోంది. షుగర్ కుక్కల తిండి బస్తా, సీలు విప్పాం కాబట్టి వాపసు తీసుకోరట, ఇప్పటికీ మూలనే ఉంది.

మర్నాడు ల్యాబుకి ఫోను చేశాను, నాన్న యూరిన్ టెస్టు మళ్లీ చేయించాలని.

"ఏమైందండీ సార్?"

"శాంపిల్ మారిపోయిందమ్మా. ఇంట్లో ఇంకొకళ్లదానితో."

"అయ్యో, పర్లేదు సార్. పాత రిపోర్టు వాళ్ల పేరు మీదికి మార్చి పంపిస్తాం. పేషెంట్ పేరు?"

నేను వద్దంటున్నాను, పక్కనుంచి మా అమ్మాయి "లడ్డూ" అని అరిచింది.

"క్యూట్ సార్. ఏజ్?"

"పద్నాలుగు నెలలు."

"బాబా, పాపా?"

"...బాబు."

పది నిమిషాల్లో వచ్చేసింది. అమ్మ దాన్ని ప్రింటు తీయించి ఇంటిల్లిపాది రిపోర్టులుండే నీలం ఫైల్లో, నాన్న కాగితాల కింద, నా కొలెస్ట్రాల్ కాగితం పైన పెట్టింది. మాస్టర్ లడ్డూ, 1 సంవత్సరం 2 నెలలు, పురుషుడు. రిఫర్డ్ బై: సెల్ఫ్.