షెర్ప్ బండి బాగుంది, కానీ మన్యానికి కాదు

బురదలో నడిచి, నీళ్లలో తేలే పెద్ద టైర్ల బండి షెర్ప్ వీడియో ఒకటి కనపడితే చాలు, "మన ఏజెన్సీ మండలాలకు తలా ఒకటి కొనిస్తే డోలీ మోతలు పోతాయి కదా" అని ఎవరో ఒకరు మొదలుపెడతారు. బండి మీద నాకేం కోపం లేదు, చూస్తే నాకూ నోరూరుతుంది. రష్యాలో అలెక్సీ గరగష్యాన్ చేసిన డిజైన్ అది. టైర్ల ఎత్తే 1.6 మీటర్లు, వాటిలోకి గాలి బదులు ఇంజన్ ఎగ్జాస్టే నింపుతారు. స్టీరింగ్ ఉండదు, రెండు లీవర్లతో నడపాలి. బురద, మంచు, చిత్తడి నేలల మీద దానికి తిరుగులేదు.

నీళ్లలో మాత్రం దాని వేగం గంటకు 6 కిలోమీటర్లే. ప్రొపెల్లర్ లేదు, తిరిగే టైర్లే తెడ్లు. ఎగువన వాన పడి కొండవాగు ఉరకలేస్తుంటే ఆ వేగం ఏ మూలకి? 2023 జులైలో జంపన్నవాగు ములుగు జిల్లా కొండాయి ఊరి మీద పడ్డప్పుడు ఈ బండి అక్కడున్నా ఏం చేసేది? తేలే బండిని వాగు ఇంకా సులువుగా లాక్కుపోతుంది.

ఇక డోలీ దారి సంగతి. షెర్ప్ వెడల్పు రెండున్నర మీటర్లు. డోలీ మోసుకొచ్చేది చాలాచోట్ల ముందొకరు, వెనకొకరు నడిచే కాలిబాటలో. షెర్ప్ పట్టాలంటే చెట్లు కొట్టాలి, బండలు తియ్యాలి, గట్లు చదును చెయ్యాలి. అంత పనీ చేశాక దాన్ని రోడ్డనే అంటారు, మామూలు 108 బండే వచ్చేస్తుంది! డోలీలో మోసుకొచ్చే గర్భిణికి కావాల్సింది ఆ రోడ్డు, వాగు మీద వంతెన. ఖరీదైన బండి కొని ఫొటోలు దిగితే ఆ రెండూ ఇంకో పదేళ్లు వెనక్కి పోతాయని నా భయం.

నిలిచిన వరద నీళ్ల కథ వేరు. 2024 సెప్టెంబరులో బుడమేరు వాగు విజయవాడ సింగ్ నగర్‌ని ముంచినప్పుడు ఇలాంటిది కావాల్సింది. ఒక సందులో పీకల్లోతు, పక్క సందులో మోకాలి లోతు. లోతులో ట్రాక్టర్ ఆగిపోతుంది, మెరక తగిలితే పడవ ఆగిపోతుంది. ఇది రెండుచోట్లా పోతుంది. 2025 ఆగస్టు వరదల్లో అమృత్‌సర్ దగ్గర మన సైన్యం ఈ కోవకే చెందిన అటార్ ఎన్1200 బండ్లతో జనాన్ని బయటికి తెచ్చింది.

కాబట్టి కొనేవి విపత్తు దళాలకు కొనండి, విజయవాడ లాంటి చోట ఉంచండి. వానాకాలానికి ముందే డ్రైవర్లకు నేర్పించండి. ఆ లీవర్లు వరద మధ్యలో కూర్చుని అప్పటికప్పుడు నేర్చుకునేవి కావు.