బ్యాంకాక్ టూరా, రత్నాల కొట్టు టూరా?

ఫుల్ డే టూర్ కదా, ఊరంతా చూడొచ్చనుకున్నా. పొద్దున ఏడింటికే హోటల్ కింద రెడీగా ఉండమన్నారు, ఉన్నాం, బస్సు ఎనిమిదింటికి వచ్చి ఇంకో నాలుగు హోటళ్లు తిరిగి గ్రాండ్ ప్యాలెస్ చేరేసరికి పదిన్నర. అక్కడ మాలో ఒకాయన్ని నిక్కరుతో వచ్చాడని గేటు దగ్గరే ఆపేశారు. ఆయన ఎదురుగా కొట్లో ఏనుగు బొమ్మల ప్యాంటు కొనుక్కొచ్చేదాకా పాతిక మందిమీ ఎండలో. ముందురోజు ఒక్క మెసేజ్ పెడితే ఏం పోయేది?

వాట్ ఫో గుడిలో 46 మీటర్ల పొడవున పడుకున్న బుద్ధుడు ఉంటాడు. ఆ పాదాల మీద ముత్యపు చిప్పతో పొదిగిన 108 శుభచిహ్నాల కోసమే నేను వెళ్లింది. రెండు వరసలైనా చూడకముందే గైడు జెండా ఊపుతూ "ఫైవ్ మినిట్స్" అని కేక! వెనకాల కంచు గిన్నెల్లో జనం చిల్లర వేస్తున్న టింగుటింగు చప్పుడు పరిగెడుతూనే విన్నా. వాట్ అరుణ్ గుడినైతే నది ఇవతలి నుంచే వేలుతో చూపించి అయిపోయిందన్నారు.

ఇంత హడావుడి దేనికయ్యా అంటే, రత్నాల షాపుకి. అక్కడ మాత్రం గంటన్నర! ఏసీ, కూల్‌డ్రింకు, బోలెడు మర్యాదలు. ఏమీ కొనకుండా బయటికొస్తే మాత్రం గైడు మొహం మాడిపోయింది.