గ్రగ్, ఫిల్ వియ్యంకులే కదా!

పిల్లలు 'ద క్రూడ్స్: ఫ్యామిలీ ట్రీ' అనే కార్టూన్ సిరీస్ పెట్టుకుని కూర్చుంటే, కూరగాయలు తరుగుతూ నేనూ పక్కన చేరాను. మొత్తం 8 సీజన్లు. నాలుగు అయ్యేసరికి నాకు అర్థమైందేమిటంటే, ఇది ఆదిమానవుల కామెడీ కాదు, అచ్చంగా వియ్యాలవారి గోల.

తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. క్రూడ్స్ అని ఒక గుహల కుటుంబం. ఇంటిపెద్ద గ్రగ్, భార్య ఉగ్గ, పెద్దకూతురు ఈప్, కొడుకు థంక్, చిన్నపిల్ల శాండీ. వీళ్లకి తోడు గ్రగ్ అత్తగారు గ్రాన్. ఈప్ మనసుపడ్డ గై అనే కుర్రాడికి అమ్మానాన్నా లేరు. 2013లో వచ్చిన 'ద క్రూడ్స్' సినిమాలో వీళ్లలో కలిసిపోయాడు, మన లెక్కలో ఇల్లరికం అనుకోండి. 2020లో వచ్చిన రెండో సినిమాలో బెటర్‌మన్ దంపతులు ఫిల్, హోప్ ఎదురవుతారు. గై తల్లిదండ్రులకు పాత స్నేహితులు. చుట్టూ గోడ, మధ్యలో తోట, చెట్టు మీద ఇల్లు, డాన్ అని ఒక్క కూతురు. ఇక రెండు కుటుంబాలూ ఆ తోటలోనే కాపురం పెడితే ఎలా ఉంటుందో, 2021లో హులూ, పీకాక్ అనే అమెరికా ఓటీటీలలో మొదలైన ఈ సిరీస్ చెబుతుంది.

ఇంగ్లిష్‌లో వియ్యంకుడికి సరైన మాటే లేదు. గ్రగ్‌కి ఫిల్ ఏమవుతాడో చెప్పాలంటే వాళ్లు తడుముకోవాలి. మనకా బాధ లేదు. అబ్బాయి తరఫు పెద్దలు ఫిల్, హోప్. అమ్మాయి తరఫు గ్రగ్, ఉగ్గ. పైగా అబ్బాయి తరఫువాళ్లు మొదట్లో ఆ పిల్లాణ్ణి తమ డాన్‌కే చేసుకుందామని చూశారు! ఇంతకన్నా ఏం కావాలి?

ఆ రెండో సినిమాలో అరటిపండ్ల సంగతి నాకు భలే నచ్చింది. ఇల్లంతా మీదే అనుకోండి, ఆ అరటిపండ్లు మాత్రం ముట్టుకోవద్దు అంటాడు ఫిల్. ఎందుకో చెప్పడు. మండిపోయిన గ్రగ్ వెళ్లి తినేస్తాడు. తీరా చూస్తే ఆ పండ్లు కోతుల్ని దూరంగా ఉంచడానికి పెట్టినవి. కారణం ముందే చెప్పి ఉంటే గొడవే లేదు. కానీ ఇంటివాళ్లు చెప్పరు, వచ్చినవాళ్లు అడగరు. అడిగితే చిన్నతనం.

రెండేళ్ల క్రితం నాకు ఆపరేషన్ అయినప్పుడు మా అమ్మా, మా అత్తగారూ మూడు నెలలు మాతోనే ఉన్నారు. ఎప్పుడూ మాట తూలింది లేదు. "మీరు కూర్చోండి వదినగారూ" అంటే "అబ్బే, మీరు కూర్చోండి" అనుకోవడమే. రాత్రి మా అత్తగారు పాలు తోడేసి, పళ్లెం మూత పెట్టి పడుకునేవారు. కాసేపటికి అమ్మ లేచి, పళ్లెం తీసి చిల్లుల మూత పెట్టేది. పొద్దున్నే అత్తగారు చిల్లుల మూత కడిగి బోర్లించేవారు. మూడు నెలలూ ఇదే తంతు. ఇద్దరూ ఒక్క మాట అనుకోలేదు. పెరుగు మాత్రం ఏ మూత పెట్టినా బాగానే తోడుకునేది.

అందుకే క్రూడ్స్ పడక చూస్తే నాకు నవ్వుతోపాటు ఇంకేదో కూడా వస్తుంది. వాళ్లు ఒకరి మీద ఒకరు కుప్పగా పడి నిద్రపోతారు. అటువాళ్లు ఎవరి గదిలో వాళ్లు. హోప్‌కి ఆ కుప్ప మోటుగా కనిపిస్తుంది, గ్రగ్‌కి ఆ గదులు కుటుంబాన్ని చీల్చే గోడల్లా కనిపిస్తాయి. ఇద్దరిదీ తప్పు కాదు. థంక్ ఒక్కడికే ఏ బాధా లేదు, కిటికీ ముందు కూర్చుంటే టీవీ చూస్తున్నట్టు రోజు గడిచిపోతుంది వాడికి.

ఈప్, డాన్‌లను సవతుల్లా కొట్లాడించకుండా ప్రాణస్నేహితుల్ని చేసినందుకు రాసినవాళ్లకు దండం పెట్టొచ్చు. మన సీరియళ్లలో అయితే ఈపాటికి పాలల్లో ఏదో కలిపేవాళ్లు.

నా కోపమల్లా సిరీస్ మీదే. ప్రతి తగువూ ఎపిసోడ్ అయ్యేలోపు తీరిపోవాలా? మర్నాటికి ఎవరికీ ఏమీ గుర్తుండదు. వియ్యాలవారి మధ్య మాట అలా మాసిపోతుందా ఎక్కడైనా! పదేళ్ల కింద పెళ్లిలో కాఫీ చల్లగా ఇచ్చారని ఇప్పటికీ చెప్పుకునే జాతి మనది.

ఇక గై. నేను చూసినంతలో వాణ్ణి తెలివితేటల జోకులకే ఎక్కువగా వాడుకున్నారు. అమ్మానాన్నలు తారులో కూరుకుపోతుంటే కళ్లారా చూసిన పిల్లాడు వాడు. ఇప్పుడు పాత బంధం ఒకవైపు, కొత్త బంధం ఒకవైపు. ఇద్దరికీ కావలసినవాడు. నువ్వు ఎవరి వైపురా అని ఎవరైనా అడిగితే ఏం చెబుతాడు? ఆ ఎపిసోడ్ కోసమే చూశాను, నాకు తగల్లేదు.

వాణ్ణి చూసినప్పుడల్లా మా ఆయన గుర్తొస్తారు. ఆ మూడు నెలలూ ఆయన పెరుగన్నం తినడమే మానేశారు.