ఓపికకు పుట్టిల్లు ఒకటో తారీఖు జీతం

ఇంటర్ ఫలితాలు వచ్చిన వారమంతా విశాఖపట్నం గోడల మీద పిల్లల ముఖాలే. ద్వారకానగర్ నుంచి గాజువాక దాకా ఫ్లెక్సీలు, వాటి మీద ర్యాంకులు, ర్యాంకుల కింద ‘పట్టుదలే విజయ రహస్యం’ అన్న మాట. ఆ వేడి చల్లారకముందే ఏదో ఒక కల్యాణ మండపంలో వ్యక్తిత్వ వికాస సదస్సు పెడతారు. కోటు వేసుకున్న వక్త రెండు గంటలపాటు అదే మాటను రకరకాలుగా చెబుతాడు. ముందు వరుసలో కూర్చున్న తల్లిదండ్రులు తలలు ఊపుతారు. పరీక్ష తప్పిన పిల్లవాడు మాత్రం తనలోనే ఏదో లోపం ఉందనుకుంటూ ఇంటికి వెళతాడు. ఆ పిల్లవాడి పక్షాన ఈ మాటలు రాస్తున్నాను.

కష్టపడే గుణమే మనిషిని పైకి తెస్తుందని నమ్మేవాళ్ళు ఒక్కసారి తెల్లవారుజామున నాలుగింటికి ఫిషింగ్ హార్బర్‌కు వెళ్ళి చూడాలి. బోట్లు ఒడ్డుకు చేరేసరికి బుట్టలు పట్టుకుని ఆడవాళ్ళు సిద్ధంగా ఉంటారు. వేలంపాటలో చేపలు పాడుకుని, మంచు వేసుకుని, ఆటో ఎక్కించి, ఎండ ముదిరేలోగా ఊరంతా తిరిగి అమ్ముకొస్తారు. ఇరవై, ముప్పై ఏళ్ళుగా ఒక్క రోజు కూడా అలారం పెట్టుకోకుండా లేస్తున్నవాళ్ళు వాళ్ళలో ఉన్నారు. పట్టుదలకు ఫలం అంతే కచ్చితంగా దక్కే పనైతే ఈ నగరంలో మొదటి మేడలు వాళ్ళవే కావాలి. ఈ దేశంలో కష్టానికి కరవు లేదు. కరవు వేరే దానికుంది.

స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో వాల్టర్ మిషెల్ చేసిన మిఠాయి ప్రయోగాన్ని ఆ సదస్సుల్లో తప్పకుండా చెబుతారు. చిన్నపిల్లల ముందు ఒక మిఠాయి పెట్టి, కాసేపు తినకుండా ఆగితే రెండోది ఇస్తామంటారు. ఆగిన పిల్లలు పెద్దయ్యాక చదువుల్లో ముందున్నారు కాబట్టి నిగ్రహమే విజయానికి మూలమని కథ ముగిస్తారు. తర్వాతి సంగతి మాత్రం ఎవరూ ఎత్తరు. 2018లో మరికొందరు పరిశోధకులు 900 మందికి పైగా పిల్లల వివరాలతో ఇదే విషయాన్ని మళ్ళీ పరిశీలించారు. కుటుంబ పరిస్థితులను, చిన్ననాటి వాతావరణాన్ని లెక్కలోకి తీసుకునేసరికి మిఠాయికీ మార్కులకూ మధ్య ఉందనుకున్న సంబంధం చాలా వరకు కరిగిపోయింది.

నన్ను ఇంకా ఎక్కువగా కదిలించిన ప్రయోగం 2012 నాటిది. రోచెస్టర్ విశ్వవిద్యాలయంలో 28 మంది పిల్లలను రెండు జట్లుగా చేశారు. మిఠాయి పరీక్షకు ముందు ఒక జట్టు పిల్లలకు మంచి రంగు పెన్సిళ్ళు తెస్తానని చెప్పిన పెద్ద మనిషి చెప్పినట్టే తెచ్చాడు. రెండో జట్టుకు అదే మాట ఇచ్చి, కాసేపటికి వట్టి చేతులతో వచ్చి, లేవని చెప్పాడు. తర్వాత మిఠాయి పెట్టారు. మాట నిలబెట్టుకున్న పెద్దను చూసిన పిల్లలు సగటున 12 నిమిషాలు ఆగారు. మాట తప్పిన పెద్దను చూసినవాళ్ళు మూడు నిమిషాలే ఆగారు. రెండు జట్లలోనూ ఒకే ఈడు పిల్లలే. తేడా అంతా ఎదుటి పెద్దమనిషి మాటలో ఉంది. రెండో మిఠాయి రాదని అనుభవంతో తెలుసుకున్న పిల్లవాడు ఉన్నదాన్ని నోట్లో వేసుకోవడం తెలివైన పని. దాన్ని మనం నిగ్రహం లేకపోవడం అంటున్నాం.

ఈ ప్రయోగం గురించి చదివినప్పుడు నాకు మా వంటింటి అల్మరా తలుపు గుర్తొచ్చింది. నాన్న పోర్టులో కలాసీ. అమ్మ ఆ తలుపు లోపలి వైపు పెన్సిలుతో నెల ఖర్చు రాసుకునేది: బియ్యం, పాలు, చీటీ, సొసైటీ కోత. డిగ్రీ రెండో ఏడాది లెక్కల పేపరు తప్పాను. ఆ రోజు బి షిఫ్టు దిగి రాత్రి పదిన్నరకు ఇంటికొచ్చిన నాన్న, పళ్ళెం ముందు కూర్చుని అన్నం కలుపుకుంటూ ‘మళ్ళీ పరీక్ష ఎప్పుడురా?’ అని అడిగాడు. అక్టోబరులో అన్నాను. ‘సరే, రాయి’ అన్నాడు. అంతే. మర్నాడు తలుపు మీద ‘ఫీజు’ అని ఇంకో వరుస చేరింది. మా వీధి చివరి ఇంట్లో నాకన్నా చురుగ్గా లెక్కలు చేసే మిత్రుడు ఉండేవాడు. అదే పేపరు వాడూ తప్పాడు. వాళ్ళ నాన్నది రోజుకూలీ, పని దొరికిన రోజే ఇంట్లో పొయ్యి వెలిగేది. అక్టోబరు వచ్చేసరికి వాడు లారీ ఆఫీసులో గుమస్తా అయిపోయాడు. మా ఇద్దరిలో పట్టుదల ఎవరికి ఎక్కువో నాకు బాగా తెలుసు. నాకు ఉన్నదీ వాడికి లేనిదీ ఒక్క అక్టోబరే.

నేను విజయం అనే మాట విన్నప్పుడల్లా ఆ అక్టోబరునే తలచుకుంటాను. పడినవాడికి మళ్ళీ లేచేంత వ్యవధి ఇచ్చే ఇల్లు, ఆ ఇంటిని నిలబెట్టే ఒకటో తారీఖు జీతం. విశాఖను విశాఖ చేసిందీ అదే. 1933లో పోర్టు, 1941లో నౌకా నిర్మాణ కేంద్రం, 1957లో చమురు శుద్ధి కర్మాగారం, 1966 ఉద్యమంలో 32 మంది ప్రాణాలిచ్చి సాధించుకున్న ఉక్కు కర్మాగారం. ఈ తేదీలు మనకు కొత్తవి కావు. ఓడలు, ఇనుము, చమురు ఎంత తయారయ్యాయో లెక్కలున్నాయి. వాటి వెనక తయారైన నిబ్బరానికి లెక్క లేదు. కలాసీ కొడుకు, ఫిట్టరు కూతురు ఆంధ్ర విశ్వవిద్యాలయం గేటు దాటి ఇంజనీర్లు, లెక్చరర్లు అయ్యారంటే, ఇంట్లో ఒకరికి వచ్చే నెల జీతం తప్పదన్న ధీమాతోనే అయ్యారు. ఇప్పుడు వాళ్ళలో కొందరు సదస్సులకు వచ్చి తమ పట్టుదల గురించి చెబుతున్నారు. నాకు బాధ కలిగించేది అదే.

అదే క్వార్టర్లలో, అదే జీతంతో పెరిగినవాళ్ళలో పైకి రానివాళ్ళు లేరా, ఏమీ లేని గుడిసెలోంచి కలెక్టరైనవాళ్ళు లేరా అని అడుగుతారు. ఉన్నారు. వాళ్ళంటే నాకు గౌరవమే. కానీ ఈదుకుంటూ ఏరు దాటిన ఒక్కడిని చూపించి వంతెన అక్కర్లేదంటే ఎలా? మునిగిపోయినవాళ్ళ ఫొటోలతో ఎవరూ ఫ్లెక్సీ కట్టరు.

లేమి మనిషి తెలివిని కూడా ఎలా నొక్కేస్తుందో 2013లో తమిళనాడు చెరకు రైతుల మీద జరిగిన అధ్యయనం చూపించింది. 464 మంది రైతులను కోతకు ముందు, చేతికి డబ్బు అందని రోజుల్లో ఒకసారి, కోత తర్వాత మరోసారి పరీక్షించారు. అదే రైతు కోతకు ముందు ఆలోచనా పరీక్షల్లో వెనకబడ్డాడు, డబ్బు అందాక మెరుగయ్యాడు. అనకాపల్లి బెల్లం మార్కెట్ చుట్టూ బతికిన మనకు దీన్ని ఒకరు విడమరచి చెప్పనక్కర్లేదు. కాలికి వేస్తే మెడకు, మెడకు వేస్తే కాలికి అన్నట్టు బతికే ఇంట్లో బుర్ర సగం అప్పులవాళ్ళ దగ్గరే ఉంటుంది.

ఇక అసలు చెప్పాలనుకున్నదానికి వస్తాను. మాట తప్పిన ఆ పెద్దమనిషి వేషం ఇప్పుడు ఈ నగరంలో ప్రభుత్వాలు వేస్తున్నాయి. 2021 జనవరి 27న కేంద్ర మంత్రివర్గ సంఘం ఉక్కు కర్మాగారాన్ని అమ్మడానికి సూత్రప్రాయంగా ఒప్పుకుంది. 2024లో అక్కడ జీతం సగం సగంగా పడిన నెలలు వచ్చాయి. 2025 జనవరిలో 11,440 కోట్ల రూపాయల ప్యాకేజీ ప్రకటించారు, సంతోషమే. కానీ పర్మినెంటు కొలువులు ఏటా తగ్గిపోతుంటే ఆ ఇళ్ళలో అక్టోబరు దాకా ఆగగల పిల్లలు ఎక్కడి నుంచి వస్తారు? గూగుల్ 1,500 కోట్ల డాలర్ల పెట్టుబడి ప్రకటిస్తే చప్పట్లు కొట్టాం. అందులో నిలకడైన ఉద్యోగాలు ఎన్ని, కాంట్రాక్టువి ఎన్ని, సెక్యూరిటీ గార్డుకూ పారిశుధ్య కార్మికుడికీ ఏ తేదీన జీతం పడుతుంది, వీటిని ఒప్పంద పత్రంలోనే రాయించాలి. కొత్తగా వచ్చే ప్రతి పరిశ్రమనూ మనం ముందుగా అడగాల్సిన ప్రశ్నలు ఇవే.

ఉక్కు కోసం భూములు వదులుకున్న పల్లెల్లో ఆర్-కార్డు అంటే తెలియనివాళ్ళుండరు. ఇంటికో ఉద్యోగం అన్న ఆశతో తీసుకున్న కార్డు. వేల మందికి ఆ ఉద్యోగం రానే లేదు. అలాంటి ఒక పెద్దాయన కిందటి వేసవిలో ప్లాస్టిక్ కవరులోంచి కార్డు తీసి నా చేతిలో పెట్టాడు. మడతల దగ్గర చిరిగితే టేపు అంటించి ఉంది. కార్డు మీద ఆయన తండ్రి పేరు. మనవడు పాలిటెక్నిక్ రెండో ఏడాదిలో మానేసి ఆటో తోలుతున్నాడట. ‘ఈ కాలం పిల్లలకు ఓపిక లేదు బాబూ’ అంటూ ఆ కార్డును మళ్ళీ జాగ్రత్తగా కవరులో పెట్టుకున్నాడు.